వరద, గేదె, సాధారణం

సంస్మరణ దినం నాటికి జరగవలసిన పనులు:

గౌరవ మంత్రివర్యుల రాకను ఖరారు చేయించుట. వారు రాని పక్షంలో వచ్చినట్టు పత్రికా ప్రకటన సిద్ధముగా ఉంచుట. సముద్రపు గాలికి ఆరిపోని జ్యోతి ఒకటి సంపాదించుట. మృతుల ఆత్మశాంతికై మౌనము పాటించుట. అందుకు మైకు సెట్టు మాట్లాడుట. ఊరివారు ముందు వరుసలలో కూర్చొనకుండా చూచుట. ఉప్పెనపై డాక్యుమెంటరీ ఒకటి తయారుచేయుట. వీలైనచో ఉప్పెనలో ఏమి జరిగినదో తెలిసికొనుట.

ఈ కాగితం రాష్ట్ర దృశ్య భాండాగారంలో అందరి బల్లల మీదా కాసేపు కూర్చుని, అందరి చేతా "చూచితిని" అనిపించుకుని, చివరికి ఏసురత్నం బల్ల మీద ఆగిపోయింది. అక్కడే ఎందుకు ఆగిందంటే, అతని తరవాత బల్ల లేదు. అతను కాంట్రాక్టు మీద తీసుకున్న పరిశోధన సహాయకుడు. వాళ్ళింట్లో డిగ్రీ దాకా చదివిన మొదటివాడు. నాన్న దావీదు ఉప్పు మడుల్లో పనిచేస్తాడు. చెప్పిన పని చెప్పినట్టు చేసేయడమనే దురలవాటు రత్నానికి ఇంటి దగ్గరే అబ్బింది. భాండాగారంలో అలాంటి అలవాటున్నవాళ్ళు వేరే లేకపోవడం వల్ల, చివరి రెండు పనులూ అతని నెత్తిన పడ్డాయి.

భాండాగారమంటే మరేం లేదు. పాత వార్తాచిత్రాల రీళ్ళని రేకు డబ్బాల్లో పెట్టి, డబ్బాల్ని బీరువాల్లో పెట్టి, బీరువాల తాళాలు ఎక్కడో పెట్టి మరిచిపోయే సంస్థ. అందులో పనిచేసేవాళ్ళు దాన్ని ముద్దుగా అటక అంటారు. ఆ పాత రీళ్ళని అక్కడక్కడా అతికించి డాక్యుమెంటరీలు తీయడం కూడా అటక పనే. ఇదివరకు పాత దృశ్యాలు కొన్ని, కొత్తగా తీసినవి కొన్ని కలిపి, ఉన్నంతలో మర్యాదగానే తీసేవాళ్ళు. సంచాలకులు భుజంగరావు గారు ఆ మధ్య ఏదో చలిదేశంలో సదస్సుకి వెళ్ళొచ్చేదాకా అలాగే సాగింది.

ఆ సదస్సులో ఎవరో పెద్దమనిషి, డాక్యుమెంటరీకి పాత దృశ్యం సాక్షి లాంటిదని అన్నాడట. మంచి మాటే. కానీ భుజంగరావు గారు మంచి మాటని విని వదిలేసే రకం కాదు. దిగీ దిగగానే ఒక ఉత్తర్వు రాయించారు.

"ఒకటి. ఇకమీదట డాక్యుమెంటరీలలో భాండాగార దృశ్యములు తప్ప ఇతర దృశ్యములు వాడరాదు. రెండు. ఏ సంఘటనకు సంబంధించి భాండాగారమున దృశ్యము లేదో, ఆ సంఘటన జరగనిదిగా భావించవలెను. మూడు. ఈ విషయమున సందేహములు గలవారు, తమ సందేహమునకు సంబంధించిన పాత దృశ్యమును జతపరచి దరఖాస్తు చేసికొనవలెను."

పాత దృశ్యం జతపరిచే దారి ఎవరికీ దొరకలేదు. అందుచేత ఎవరికీ సందేహాలు లేవని తేలింది.

ఉత్తర్వు వచ్చాక అటకలో పని చురుగ్గా సాగింది. కలంకారీ మీద డాక్యుమెంటరీ తీశారు. బీరువాలో ఉన్న రీలు నలుపు తెలుపుది కాబట్టి, కలంకారీలో రంగులుండవని వ్యాఖ్యానంలో రాశారు. మామిడి తోటల మీద తీశారు. తోటల రీళ్ళు దొరకలేదు గానీ పూర్వపు మంత్రిగారొకాయన మామిడిపండు తింటున్న రీలు దొరికింది. రైతుల కృషికి నిదర్శనంగా సినిమా పొడుగునా ఆయన ఆ పండునే తిన్నారు. దానికి ఏదో అవార్డు కూడా వచ్చింది.

ఇప్పుడు ఉప్పెన వంతు. రత్నానికి ఈ పని మీద పడ్డందుకు బాధ లేదు, లోలోపల సంతోషం కూడా వేసింది. నలభై పైచిలుకేళ్ళ కిందట ఆ ఉప్పెన ముంచేసిన ఉప్పుమొగ గ్రామం అతనిదే.

* * *

"తమ్ముడూ, నీ ఉప్పెనకి అటకలో ఉన్న ఆస్తంతా ఇదే, చూసుకో" అన్నాడు ఎడిటర్ ఖాదర్ బాషా. ఖాదర్ అటకలో అందరికంటే పాతవాడు. రీళ్ళు చూసీ చూసీ, ఎదుటివాడు మాట్లాడుతున్నా ఎక్కడ కత్తిరించాలా అన్నట్టు చూస్తాడు.

తెర మీద హెలికాప్టరు దిగింది. అప్పటి మంత్రిగారు దిగారు. పంచె ఎగిరింది. మళ్ళీ హెలికాప్టరు దిగింది. మళ్ళీ మంత్రిగారు దిగారు. ఈసారి పంచె ఎగరలేదు.

"మొదటిసారి బాగా రాలేదని మళ్ళీ ఎక్కించి దించారులే" అన్నాడు ఖాదర్.

తరవాత మంత్రిగారు దుర్భిణిలోంచి సముద్రాన్ని చూశారు. ఒక ముసలాయనకి దుప్పటి ఇచ్చారు. అదే దుప్పటి ఇంకో ముసలాయనకి ఇచ్చారు.

"ఇవన్నీ నీళ్ళు తీశాక తీసినవి కదన్నా? ఉప్పెన ఏది?"

"ఉప్పెన వచ్చేటప్పుడు కెమెరా పట్నంలో ఉంది నాయనా. సముద్రం ముందుగా కబురు పెట్టలేదు. ఇదిగో, ఇది మాత్రం ఉంది."

చుట్టూ వరద నీళ్ళు. మధ్యలో ఒక గడ్డివాము. దాని మీద ఒక గేదె. అది కెమెరా వైపు చూసి, మొహం తిప్పేసుకుంది.

రత్నం నిటారుగా కూర్చున్నాడు. "ఈ గేదెని ఎక్కడో చూశానన్నా."

"చూడకుండా ఎట్లా ఉంటావ్? నువ్వు పుట్టకముందు నించీ రాష్ట్రంలో ఏ వరదొచ్చినా వచ్చేది ఇదేగా. అసలిది గోదావరి వైపుది, ఉప్పెన కంటే ముందు తీసింది. నేను చేరేనాటికే అది సీనియరు. గోదావరికి అదే, కృష్ణకి అదే, తుంగభద్రకి అదే. ఓసారి పక్క రాష్ట్రంలో వరదలొస్తే డెప్యుటేషన్ మీద అక్కడికి కూడా పంపించాం. రిటైర్మెంటు లేని ఉద్యోగం అంటే దానిదే." ఖాదర్ డబ్బా మూత తిప్పి చూపించాడు. మూత మీద అందమైన దస్తూరీలో 'వరద, గేదె, సాధారణం' అని ఉంది. తేదీ లేదు. ఊరు లేదు.

"మా ఊళ్ళో జరిగింది ఇది కాదన్నా" అన్నాడు రత్నం.

"అయితే నీ ఊళ్ళో ఏమీ జరగలేదు. ఉత్తర్వు చదవలేదా?"

* * *

ఊళ్ళో జరిగింది చెప్పగల మనిషి కొక్కిలిగడ్డ నాంచారమ్మ. రత్నం వెళ్ళేసరికి పాక ముందు కూచుని ఎండు చేపలు తిరగేస్తోంది.

"ఎవురూ, దావీదు కొడుకువా? సినిమా తీత్తన్నావంటగా. మేకప్పేసుకోవాలా ఏంటి?"

"వద్దులే మామ్మా. ఆ రాత్రి సంగతి చెప్పు చాలు." రత్నం ఫోను తీసి దగ్గర పెట్టాడు.

"మీ నాయన చెప్పలేదా?"

"ఆయనకి నాలుగేళ్ళంట. గుర్తు లేదంటాడు."

ముసలమ్మ చేతులు దులుపుకుంది. అప్పటిదాకా ఉన్న నవ్వు మొహంలో లేదు.

"ఏం కనపడితే చెప్పమంటావ్ నాయనా? చీకటి. కళ్ళు తెరిచినా అదే, మూసినా అదే. గాలికి పాకలన్నీ లేచిపోయినయి. మిగిలింది బడి డాబా ఒకటే. దానికి మెట్లు లేవు. నన్ను మా ఆడపడుచు సామ్రాజ్యం భుజాల మీద ఎక్కించుకుని పైకి తోసింది. అది కింద అరుగు మీద నిలబడింది. నీళ్ళు నడుము దాకా. పిల్లల్ని పట్టుకుని పైకెత్తేది. నేను బోర్లా పడుకుని లాక్కునేదాన్ని. ఎత్తినప్పుడల్లా అడిగేది, 'పట్టుకున్నావా వదినా?' అని. 'పట్టుకున్నానే' అంటే అప్పుడు వదిలేది. మా పిల్లలా, మీ పల్లె పిల్లలా అని చూట్టానికి వెలుగెక్కడిది? చేతికి ఏ బిడ్డ తగిలితే ఆ బిడ్డ."

పక్కనున్న చేప ఒకటి తిరగేసింది.

"ఆఖరికి ఒకణ్ణి ఎత్తింది. 'పట్టుకున్నావా వదినా?' అంది. 'పట్టుకున్నానే, నువ్వు కూడా చెయ్యియ్యి' అన్నా. ఇంక మాట లేదు. ఆ ఆఖరోడు మీ నాయన."

రత్నం ఈ కథ ముక్కలు ముక్కలుగా ఇంట్లో వింటూ పెరిగినవాడే. అయినా ఫోను ఇంకొంచెం దగ్గరికి జరిపాడు.

"దాని శవం దొరకలేదు" అంది నాంచారమ్మ. "శవం చూపించనోళ్ళ పేరు రాయి మీద చెక్కం అన్నారు గవర్నమెంటోళ్ళు. ఫోటో లేదు. మొగుడూ పిల్లలూ లేరు, ఇంకా పెళ్ళే కాలేదు. నేను పోతే అదొకతి ఉండేదని చెప్పేవాళ్ళు లేరు. నాకేం వద్దు నాయనా. ఆ సినిమాలో దాని పేరు ఓసారి గట్టిగా చెప్పించు. పదిమందీ వినేటట్టు."

"చెప్పిస్తా మామ్మా" అని, ఆ పేరు ఇంటిపేరుతో సహా ఆమె చేతే ఫోనులోకి చెప్పించాడు రత్నం. పని ఒప్పుకుంటే చేసేసే దురలవాటు అతనిది.

* * *

డాక్యుమెంటరీలో ఏమేమి జరిగినట్టు ఒప్పుకోవచ్చో తేల్చడానికి భాండాగారంలో ఒక ప్రామాణికతా నిర్ధారణ సంఘం ఉంది. దానికి అధ్యక్షులు భుజంగరావు గారే. సభ్యులు తర్కశాస్త్రంలో ఆచార్యులుగా చేసి విరమించిన వరదాచార్యులు గారు. రత్నం నిలబడి సామ్రాజ్యం సంగతంతా విన్నవించాడు.

"హృదయ విదారకము" అన్నారు భుజంగరావు గారు, జీడిపప్పు నోట్లో వేసుకుంటూ. "దృశ్యము?"

"లేదు సార్. చీకటి కదండీ."

"దృశ్యము లేనిచో ఘటన లేదు. ఇందు మన వ్యక్తిగత అభిమానములకు తావు లేదు. నేను స్వయముగా ఆ వృద్ధురాలి ఎడల మిక్కిలి సానుభూతి కలిగియున్నాను. కావలెనన్న ఆ యువతి పిల్లలను పైకి ఎత్తుచున్న పాత దృశ్యము ఆమె దాఖలు చేయవచ్చును."

"సార్, కళ్ళారా చూసిన మనిషే చెబుతోందండీ."

"చూడలేదని మీరే అంటిరి గదా, చీకటి అని" అన్నారు వరదాచార్యులు గారు. తర్కంలో ఆయన్ని పట్టుకోవడం కష్టం.

"కానీ పిల్లలు బతికారు కదండీ. మా నాన్న ఆ పిల్లల్లో ఒకడు సార్."

సంఘం కొంచెం కలవరపడింది. పిల్లలు బతికినట్టు కలెక్టరాఫీసు లెక్కల్లో ఎప్పుడో ఎక్కిపోయింది. అది కాదనడం రెండు శాఖల మధ్య తగవవుతుంది.

"మీ తండ్రిగారు జీవించియున్నట్లు దృశ్యము ఉన్నదా?" అని అడిగారు భుజంగరావు గారు.

"మడిలో ఉంటాడు సార్ ఇప్పుడు. కావాలంటే ఫోన్ చేస్తాను, మాట్లాడండి."

"అది శబ్దము నాయనా. మన ఉత్తర్వు దృశ్యమునకు సంబంధించినది. శబ్దము మన పరిధిలోనికి రాదు."

రత్నం ఈ మాటని లోపలెక్కడో దాచుకున్నాడు.

ఈలోగా వరదాచార్యులు గారు కళ్ళు మూసుకుని తర్కం అల్లుతున్నారు. "పిల్లలు రక్షింపబడిరి. ఇది సిద్ధము. కావున రక్షకుడు ఉండవలెను. రక్షకుడు భాండాగార దృశ్యములందు కనబడువాడై ఉండవలెను. అట్లు కనబడువారు ఎవరెవరు?"

"మంత్రిగారు, హెలికాప్టరు, ఇద్దరు ముసలివాళ్ళు, ఒక గేదె" అన్నాడు రత్నం.

"మంత్రివర్యులు నీరు తీసిన పిదప వేంచేసిరి. హెలికాప్టరు వారితోనే వచ్చినది. వృద్ధులు దుప్పట్లు పుచ్చుకొనుటలో నిమగ్నులై ఉండిరి. నీరు ఉండగా అచ్చట ఉన్నది ఎవరు?" ఆచార్యులవారు కళ్ళు తెరిచారు. "గేదె."

గది నిశ్శబ్దమైపోయింది. మనిషి తర్కం ఎంత దూరం వెళ్ళగలదో చూసినప్పుడు కలిగే నిశ్శబ్దం అది.

"అద్భుతము" అన్నారు భుజంగరావు గారు. "మూగజీవి మానవత్వము! ఇట్టి కోణము ఇంతవరకు ఎవరికిని తట్టలేదు."

"సార్, ఆ గేదె గోదావరిది. ఉప్పెన కంటే ముందుదండీ."

"తేదీ ఉన్నదా?"

"లేదు సార్."

"తేదీ లేనిది అన్ని తేదీలకూ చెల్లును. ఊరు లేనిది అన్ని ఊళ్ళకూ చెందును. సాధారణం అని స్పష్టముగా వ్రాసియే ఉన్నది గదా!"

ఉప్పుమొగ పిల్లల్ని గేదె రక్షించిందని సంఘం ఏకగ్రీవంగా తీర్మానించింది. ఊళ్ళో దానికో విగ్రహం పెట్టించాలని కూడా సిఫారసు చేసింది. మొత్తానికి దావీదు బతికి ఉన్నట్టు సంఘం ఒప్పుకుంది. ఆ మేరకు అది రత్నానికి ఉపకారమే.

* * *

"నీకొచ్చిన కష్టం ఏంటంటే తమ్ముడూ" అన్నాడు ఖాదర్ టీ తాగుతూ, "నువ్వు గేదె దయవల్ల ప్రాణాలతో బయటపడ్డ కుటుంబంలో పుట్టావు. రేపు పెళ్ళి సంబంధాలప్పుడు ఇది చెప్పాల్సొస్తుంది."

రత్నం నవ్వలేదు. "అన్నా, శబ్దం పరిధిలోకి రాదన్నారు. మామ్మ గొంతు నా ఫోన్లో ఉంది. పెట్టేయొచ్చు కదా?"

"పెట్టొచ్చు. గొంతు వచ్చేటప్పుడు తెర మీద ఏం పెడతావ్? అటక దృశ్యమే పెట్టాలి. సామ్రాజ్యం అనేసరికి గేదె మొహం కనపడితే?"

రత్నం తల పట్టుకున్నాడు. ఖాదర్ కాసేపు అతన్ని చూసి, లేచి, బీరువా అడుగునించి ఒక డబ్బా తీశాడు. మిగతా డబ్బాలు తుప్పు పట్టి ఉంటే, ఇది మాత్రం గుడ్డ కట్టి, కర్పూరం బిళ్ళ వేసి భద్రంగా ఉంది. మూత మీద 'ఉప్పుమొగలో గౌరవ మంత్రివర్యుల ప్రసంగము, సంపూర్ణము' అని ఉంది.

"ఇది నీకు చూపించలేదు. ఎవరికీ చూపించం. చూడు."

రీలు తిరిగింది. తెర నల్లగా ఉంది. రత్నం బొమ్మ కోసం ఎదురు చూశాడు. రీలు తిరుగుతూనే ఉంది. తెర నల్లగానే ఉంది.

"మిషను పాడైందా అన్నా?"

"మిషను బాగానే ఉంది. ఆ రోజు కెమెరామన్ లెన్సు మూత తీయడం మరిచిపోయాడు. ఆ కెమెరాకి మనం చూసే రంధ్రం వేరే, లెన్సు వేరే. ఆయనకి మంత్రిగారు శుభ్రంగా కనపడుతూనే ఉన్నారు, ఫిల్ముకే కనపడలేదు. ప్రసంగం మొత్తం అట్లాగే తీశాడు. శబ్దం పట్టే మిషను ఆ రోజు తీసుకెళ్ళనే లేదు. కడిగి చూస్తే ఇదీ! మంత్రిగారి ప్రసంగం పోయిందని పైకి రాసే ధైర్యం ఎవరికుంది? సంపూర్ణం అని రాసి పెట్టేశారు. అప్పట్నించీ తనిఖీకి వచ్చినవాళ్ళంతా మూత చదివి దణ్ణం పెట్టి పోతున్నారు."

రత్నం ఫోను తీసి మీట నొక్కాడు. నల్లటి తెర మీద నాంచారమ్మ గొంతు మొదలైంది. 'ఏం కనపడితే చెప్పమంటావ్ నాయనా? చీకటి. కళ్ళు తెరిచినా అదే, మూసినా అదే…'

ఖాదర్ చేతిలో టీ గ్లాసు చేతిలోనే ఉండిపోయింది. 'పట్టుకున్నావా వదినా' దగ్గరికొచ్చేసరికి అతను మొహం పక్కకి తిప్పుకున్నాడు. ఎక్కడ కత్తిరించాలా అని చూడకుండా ఖాదర్ ఒక రీలు ఆసాంతం వినడం అదే మొదటిసారి.

"ఇంతకాలం ఇది దండగ రీలనుకున్నాను రా" అన్నాడు చివరికి. "ఆ రాత్రిని ఉన్నదున్నట్టు తీసింది ఇదొక్కటే."

అనుమతి కోసం రత్నం ఎక్కడా అబద్ధం ఆడలేదు. డబ్బా మూత మీద ఉన్నది ఉన్నట్టు రాసి, ఆ రీలు వాడుకోవచ్చునా అని అడిగాడు. భుజంగరావు గారు చదివి ఉప్పొంగిపోయారు. సంస్మరణ దినానికి రాబోయే మంత్రివర్యులు ఆ పాత మంత్రిగారి కుమారులే.

"తండ్రిగారి ప్రసంగము సంపూర్ణముగానా! పుత్రుల సమక్షమున! రత్నం, నీకు భవిష్యత్తు ఉన్నది."

"ఒకసారి చూస్తారా సార్?"

"చూచుట దేనికి? మూత మీద వ్రాసియున్నది గదా."

* * *

సంస్మరణ దినాన ఉప్పుమొగలో ముందు గేదె విగ్రహం ముసుగు తీశారు. సిమెంటు గేదె, మెడలో బంతిపూల దండ, కింద పలక మీద 'ఉప్పుమొగ ప్రాణదాత'. మంత్రిగారు దానికి శాలువా కప్పారు.

"అప్పట్లో మనూళ్ళో గేదెలెక్కడియ్యి? మేకలేగా" అన్నాడొక ముసలాయన.

"ఊరుకో మావా, గవర్నమెంటు గేదె. లేదంటే కేసు పెడతారు" అన్నాడు పక్కవాడు.

నాంచారమ్మ దాని చుట్టూ తిరిగి చూసి, "బాగానే ఉంది. పాలిస్తదా?" అంది. పోలీసులు ఆమెని వెనక వరుసలోకి పంపించారు.

తుపాను షెల్టరు హాలు కిటికీలకి నల్లగుడ్డలు కట్టి సినిమా వేశారు. హెలికాప్టరు దిగింది. మంత్రిగారు దిగారు. జనం చప్పట్లు కొట్టాల్సిన చోట తహసిల్దారు చెయ్యెత్తి చూపించగా కొట్టారు. గేదె వచ్చింది, మొహం తిప్పుకుంది. దాని త్యాగం గురించి వ్యాఖ్యానం వచ్చింది. తరవాత తెర మీద 'గౌరవ మంత్రివర్యుల చారిత్రక ప్రసంగము' అని అక్షరాలు పడ్డాయి. ముందు వరుసలో కొడుకు మంత్రిగారు కుర్చీలో ముందుకి జరిగారు.

తెర నల్లబడింది. హాలంతా నల్లబడింది.

ఆ చీకట్లో నాంచారమ్మ గొంతు ఒక్కటే. 'మెట్లు లేవు… అది కింద అరుగు మీద నిలబడింది… పట్టుకున్నావా వదినా?'

ఆ పిల్లల్లో చాలామంది వెనక వరుసల్లోనే ఉన్నారు. నడివయసు దాటినవాళ్ళు, మనవలున్నవాళ్ళు. దావీదు గోడకి ఆనుకుని నిలబడి ఉన్నాడు. గొంతు 'దాని పేరు సామ్రాజ్యం. కొక్కిలిగడ్డ సామ్రాజ్యం' అనేసరికి, చీకట్లో ఎవరో మెల్లిగా ఆ పేరు పలికారు. తరవాత ఇంకెవరో. తరవాత చాలామంది.

"కరెంటు! ఏఈ ఎక్కడ? జనరేటరు ఆన్ చేయించండయ్యా!" అని అరిచారు భుజంగరావు గారు.

ఎవరో కిటికీ గుడ్డలు లాగేశారు. వెలుగు ఒక్కసారిగా మీద పడింది. తెల్లబోయిన తెర మీద ఇంకా సినిమా తిరుగుతూనే ఉంది గానీ కనపడటం లేదు. వెనక వరుసల వాళ్ళంతా లేచి నిలబడి ఉన్నారు. ఎప్పుడు లేచారో వాళ్ళకే తెలియదు. కార్యక్రమంలో ఉన్న మౌనం ఇంకా రాలేదని, ఇప్పుడే ఎందుకు లేచారని తహసిల్దారు కోప్పడ్డాడు.

"మా నాన్నగారి ప్రసంగం ఏది?" అన్నారు మంత్రిగారు.

* * *

విచారణ జరిగింది. రీలు వేసి చూశారు. నలుపు. తలకిందులుగా వేసి చూశారు. నలుపు.

భుజంగరావు గారు చెమటలు తుడుచుకుంటూ, "ప్రసంగము దృశ్యములో లేదని వ్రాయుదమా?" అన్నారు.

"వ్రాసినచో రెండవ నిబంధన ప్రకారము ప్రసంగము జరగలేదని అగును" అన్నారు వరదాచార్యులు గారు. "అట్లు అనుట ఉభయులకును క్షేమము కాదు." ఆయన కళ్ళు మూసుకున్నారు. అందరూ ఎదురుచూశారు. "ప్రసంగము జరిగినది. ఇది సిద్ధము. దృశ్యము నల్లగా ఉన్నది. ఇదియు సిద్ధము. కావున మంత్రివర్యులు చీకటిలో ప్రసంగించిరి."

"బాధితులు చీకటిలో మగ్గుచుండ, తాను మాత్రము వెలుగులో నిలువనొల్లక!" అన్నారు భుజంగరావు గారు, లేచి నిలబడి.

రీలుకి అలా గౌరవం దక్కింది. డాక్యుమెంటరీలోనూ ఉంచారు. ముసలమ్మ గొంతు మాత్రం తీసేసి, ఆ చోట ఒక మిమిక్రీ కళాకారుడి చేత ప్రసంగం చదివించి పెట్టారు. ఆ గొంతు మంత్రిగారిది కాదు కదా అని ఖాదర్ అడిగితే, శబ్దం మన పరిధిలోకి రాదని జవాబొచ్చింది. నాంచారమ్మ గొంతు కత్తిరించే పని ఖాదర్ చేయనన్నాడు. వేరే ఎవరో చేశారు.

రత్నాన్ని ఉద్యోగంలోంచి తీసేశారని ఊళ్ళో అనుకుంటారు. అది నిజం కాదు. భాండాగారం ఎవరికీ అన్యాయం చేయదు. ఏసురత్నం అనే వ్యక్తి అక్కడ పనిచేసినట్టు ఏ బీరువాలోనూ దృశ్యం లేదు. పని చేయనివాణ్ణి తీసేయడం ఎలా? అందుకని తీసేయలేదు. బల్ల మాత్రం తీసేశారు. ఇప్పుడు కాగితాలు అంతకు ముందు బల్ల దగ్గర ఆగుతున్నాయి.

అతను ఇప్పుడు ఉప్పుమొగ పక్కన బళ్ళో పంతులు. ఊరికి వచ్చిన కొత్తలో నాంచారమ్మ దగ్గరికి వెళ్ళి, పాక ముందు తల వంచుకుని కూచున్నాడు.

"మాట నిలబెట్టలేకపోయాను మామ్మా. నీ గొంతు తీసేశారు."

"పేరు కూడా లేదా?"

"లేదు."

ముసలమ్మ ఇంకో వరస చేపలు తిరగేసింది.

"చీకటి ఉందా?"

"ఉంది మామ్మా. చీకటి మాత్రం ఉంచారు."

"అయితే అది అందులోనే ఉందిలే" అంది నాంచారమ్మ.

ఆ డాక్యుమెంటరీని ఇప్పటికీ ఏటా సంస్మరణ దినాన వేస్తున్నారు. మీ వైపూ ఎప్పుడైనా రావచ్చు. గేదె వస్తే చూడండి, పాపం, దాని తప్పేమీ లేదు. కడుపు నింపుకునే గడ్డి మీద నిలబడి ఎవరి జోలికీ పోని జీవి. కానీ తరవాత తెర నల్లబడుతుంది. ఎవరిదో గొంతు ఎవరిదో ప్రసంగం చదువుతూ ఉంటుంది. అప్పుడు ఈలలు వేయకండి. కరెంటు వాళ్ళని తిట్టకండి. ఆ గొంతుని పట్టించుకోకుండా, ఆ చీకటిని కాసేపు చూడండి. అందులో నడుము లోతు నీళ్ళలో ఒక పడుచు నిలబడి, ఎవరి బిడ్డనో పైకెత్తి, పట్టుకున్నావా అని అడుగుతోంది. ఆమెకి ఫోటో లేదు, రాయి లేదు, రీలు లేదు. పేరు ఒక్కటే ఉంది. సామ్రాజ్యం. కొక్కిలిగడ్డ సామ్రాజ్యం. దయచేసి పట్టుకోండి.